మేత బాకీ, ఖాళీ చెక్కు, 18 బస్తాలు: కోర్టు దాకా వెళ్లని ఒక చెక్ బౌన్స్ కేసు

2024 నవంబరు 29 సాయంత్రం రొయ్యల మేత డీలర్ ఒకాయన బ్యాంకు రిటర్న్ మెమో పట్టుకుని మా లాయరు ఆఫీసుకు వచ్చారు. చెక్కు రూ.9,40,000ది. చెక్కు మీద తేదీ నవంబరు 4. 'ఫండ్స్ ఇన్‌సఫిషియంట్' అని, అంటే ఖాతాలో సరిపడా డబ్బు లేదని, తిరిగొచ్చిన మెమో 6వ తేదీన చేతికందింది. అప్పటికి 23 రోజులు గడిచాయి. ఇన్నాళ్లూ ఏం చేశారని అడిగాను.

"పెద్దమనుషుల్లో కూర్చున్నామండీ. ప్రెసిడెంటు గారు రెండుసార్లు పిలిపించారు. ఇదిగో ఇస్తాను, అదిగో ఇస్తాను అన్నాడు. ఇంక లాభం లేదని వచ్చాను."

మా వైపు, అంటే పశ్చిమ గోదావరి జిల్లా ఉండి, ఆకివీడు, భీమవరం ప్రాంతంలో, చెక్ బౌన్స్ కేసులు చాలావరకు ఇలాగే మొదలవుతాయి. మేత అరువు మీద ఇస్తారు. పట్టుబడి, అంటే చెరువులో రొయ్యలు పట్టి అమ్మడం, అయ్యాక డబ్బు. హామీగా సంతకం చేసిన ఖాళీ చెక్కులు రెండు మూడు, ఒక ఖాళీ ప్రోనోటు. పంట బాగుంటే ఆ కాగితాలు సొరుగులోనే ఉండిపోతాయి. తెల్లమచ్చ వైరస్ వచ్చి, రొయ్య చిన్నగా ఉండగానే హడావుడిగా చెరువు పట్టేయాల్సి వస్తే, ఆ కాగితాలు బయటికొస్తాయి. ఈ రైతు విషయంలో జరిగిందీ అదే.

(ఇరువైపులా అనుమతి తీసుకునే రాస్తున్నాను. గుర్తు పట్టకుండా కొన్ని వివరాలు మార్చాను.)

డీలర్ గారికి అప్పటికే ఎవరో చాలా చెప్పి పంపారు. నోటీసు ఇస్తే చాలు, రెండేళ్ల జైలు, రెట్టింపు జరిమానా, కేసు వేయగానే 20 శాతం ముందే కట్టిస్తారు అని. అది కాకపోతే స్టేషన్లో ఎస్‌ఐ గారికి చెప్పి పిలిపిస్తే పని అయిపోతుందని ఇంకొకరు. స్టేషన్ మాట మొదటే కొట్టేశాను. నెగోషియబుల్ ఇన్‌స్ట్రుమెంట్స్ చట్టం సెక్షన్ 138 కేసు చెక్కు తీసుకున్నవాడు మేజిస్ట్రేటు ముందు స్వయంగా వేసుకోవలసిన ఫిర్యాదు. పోలీసుకు అందులో పని లేదు. ఇక జైలు, జరిమానా సంగతి. శిక్ష రెండేళ్ల వరకు, జరిమానా చెక్కు మొత్తానికి రెండింతల వరకు ఉండొచ్చన్నది నిజమే, కానీ 'వరకు' అన్న మాట జనం చెవిన పడదు. 2018 సవరణతో వచ్చిన సెక్షన్ 143ఏ కింద 20 శాతం వరకు మధ్యంతర పరిహారం ఇప్పించవచ్చు గానీ, అది కోర్టు విచక్షణ మీద ఆధారపడిందని సుప్రీంకోర్టు 2024లో స్పష్టం చేసింది. ఆశ పెట్టుకోవచ్చు, లెక్కలో వేసుకోకూడదు.

నోటీసు ఇవ్వడానికి మెమో అందినప్పటి నుంచి 30 రోజులు. అంటే డిసెంబరు 6 దాకా. పెద్దమనుషులు కూర్చున్నారని ఆ గడువు ఆగదు. ఆరేళ్ల కిందట నా దగ్గరే ఒక కేసు ఇలా పోయింది. రాజీ మాటలు నడుస్తున్నాయి కదా అని నోటీసు రేపు ఎల్లుండి అనుకుంటూ 34వ రోజున పంపాను. ఫిర్యాదు వేయడంలో ఆలస్యమైతే కోర్టు మన్నించే వీలు చట్టంలో ఉంది. నోటీసు ఆలస్యానికి లేదు. ఆ క్లయింటు ఇప్పటికీ నాకు నమస్కారం పెడతాడు గానీ, కేసులు మాత్రం వేరే లాయరు దగ్గరికి తీసుకెళ్తాడు.

కాబట్టి ఆ రాత్రే నోటీసు డ్రాఫ్టు చేయాలి. చేసే ముందు లెడ్జరు తెమ్మన్నాను.

లెడ్జరు

మర్నాడు లెడ్జరు, బ్యాంకు స్టేట్‌మెంటు పక్కపక్కన పెట్టుకుని కూర్చున్నాం. మేత అసలు రూ.8,60,000. నెలకు రెండు రూపాయల చొప్పున వడ్డీ రూ.80,000. మొత్తం 9,40,000. అంతా చక్కగా ఉంది. కానీ బ్యాంకు స్టేట్‌మెంటులో అక్టోబరు మూడో వారంలో రొయ్యలు కొన్న వ్యాపారి ఖాతా నుంచి రూ.2,50,000 జమ పడింది. అది ఎవరి తాలూకు అని అడిగితే గుమాస్తా తల గోక్కున్నాడు. ఈ రైతు రొయ్యలు కొన్న వ్యాపారే డీలర్‌కు నేరుగా వేశాడు. గుమాస్తా దాన్ని రైతు బావమరిది పేజీలో రాశాడు. ఇంటిపేరు వేరు, మొదటి పేరు ఒకటే.

డీలర్ గారి ముఖం వాడిపోయింది. "అయితే మిగతా దానికి వేద్దాం లెండి" అన్నారు.

అంత తేలిక కాదు. 2022లో దశరథ్‌భాయ్ త్రికంభాయ్ పటేల్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది ఇది: చెక్కు ఇచ్చాక, బ్యాంకులో వేసేలోపు కొంత బాకీ తీరితే, ఆ సంగతి అదే చట్టం సెక్షన్ 56 ప్రకారం చెక్కు మీద రాసి మిగతా మొత్తానికే వాడుకోవాలి. రాయకుండా పూర్తి మొత్తానికి వేస్తే, ఆ మొత్తం చట్టబద్ధంగా రావలసిన బాకీ కాదు, 138 నేరం నిలవదు. మన చెక్కు జూన్‌లో ఖాళీగా ఇచ్చింది, అక్టోబరులో రెండున్నర లక్షలు వచ్చాయి, నవంబరులో పూర్తి మొత్తం రాసి వేశాం. రైతు తరఫు లాయరు ఒక్క బ్యాంకు స్టేట్‌మెంటు తెప్పిస్తే చాలు.

అక్కడ నేను తీసుకున్న నిర్ణయం డీలర్ గారికి నచ్చలేదు. ఈ బౌన్సు మీద నోటీసు ఇవ్వొద్దన్నాను. గడువు పోనిద్దాం అన్నాను. చెక్కు తేదీ నుంచి మూడు నెలలు, అంటే ఫిబ్రవరి మొదటి వారం దాకా చెల్లుతుంది. ఆలోపు ఎన్నిసార్లైనా వేయొచ్చు, తర్వాతి బౌన్సు మీద కేసు పెట్టొచ్చు అని సుప్రీంకోర్టు ఎంఎస్ఆర్ లెదర్స్ కేసులో 2012లోనే తేల్చింది. అంటే మనకు రెండు నెలలున్నాయి. చివరికి కుదరకపోతే రెండున్నర లక్షలు ముట్టినట్టు చెక్కు మీద రాసి మళ్లీ వేద్దాం. అయితే నిజం చెప్పాలి. దిద్దుబాటు ఉన్న చెక్కు అంటే బ్యాంకు కౌంటరులో చిరాకు పడతారు. చెక్కు మీద ఇలా రాయడం పుస్తకంలో ఉన్నంత సాఫీగా నడవదు. నాకు ఆ దారి వెనక్కి పెట్టుకున్న ఆయుధం మాత్రమే. అసలు దారి కొత్త లెక్క, కొత్త చెక్కులు, రాజీ.

"నోటీసు లేకుండా వాడు వస్తాడా?" అని అడిగారు. 138 నోటీసు కాదు, మామూలు ఉత్తరం రాశాను. లెక్క సరిచూసుకుందాం, మీ దగ్గరున్న రసీదులు తీసుకురండి అని. రెండున్నర లక్షలు ముట్టిన సంగతి మేమే అందులో ఒప్పుకున్నాం. కొందరు తోటి లాయర్లు దీన్ని బలహీనత అంటారు. ఆ ఒక్క వాక్యం వల్లే రైతు వచ్చాడని నా నమ్మకం. అప్పటిదాకా పెద్దమనుషుల ముందు ఆయన గోల అంతా ఆ డబ్బు గురించేనట. ఎవరూ వినిపించుకోలేదు.

ఆమె నోటు పుస్తకం

డిసెంబరు రెండో వారంలో ఇద్దరూ కూర్చున్నారు. రైతు వెంట ఆయన భార్య, ఒక యువ లాయరు. ఆ అబ్బాయి మొదటే "ఇది సెక్యూరిటీ చెక్కండీ, ఖాళీది, కేసు నిలవదు" అన్నాడు. బీర్ సింగ్ కేసు గుర్తుచేశాను. సంతకం చేసి ఇష్టపూర్వకంగా ఇచ్చిన చెక్కులో మిగతా వివరాలు ఎవరు నింపినా, బాకీ ఉందన్న చట్టపు ఊహ (కాదని రుజువయ్యేదాకా ఉందనే అనుకోవడం) వర్తిస్తుందని 2019లో సుప్రీంకోర్టు అన్నది. అతను నవ్వి దశరథ్‌భాయ్ తీర్పు ప్రింటు బల్ల మీద పెట్టాడు. బాగా చదువుకునే వచ్చాడు. ఇద్దరి చేతిలోనూ కత్తి ఉందని ఇద్దరికీ తెలిసింది. అక్కడి నుంచి లాయర్లం మాట్లాడటం తగ్గించాం.

మాట్లాడింది ఎక్కువగా రైతు భార్య. డ్వాక్రా సంఘం పుస్తకాలు రాసే అలవాటు ఉన్న మనిషి. మేత బస్తాలు ఎన్ని వచ్చాయి, రోజుకు ఎన్ని చల్లారు, అన్నీ ఒక నోటు పుస్తకంలో ఉన్నాయి. వైరస్ వచ్చి చెరువు పట్టేశాక 18 బస్తాలు విప్పకుండానే డీలర్ బండిలో వెనక్కి పంపారు. తేదీ, బండి తోలిన కుర్రాడి పేరు రాసుంది. డీలర్ లెడ్జరులో ఆ బస్తాలు లేవు. కుర్రాడికి ఫోన్ చేస్తే "అవునండీ, గోడౌన్లో దింపాను" అన్నాడు.

బస్తా రూ.2,300 చొప్పున రూ.41,400. ఇదీ లెక్క:

రూ.9,40,000లో ముట్టిన 2,50,000 పోతే 6,90,000. బస్తాలు తీసేస్తే 6,48,600. మిగిలిన పేచీ అంతా వడ్డీ మీద. రైతు వడ్డీ మొత్తం వదిలేయమన్నాడు. డీలర్ కంపెనీకి తను ముందే డబ్బు కట్టానని, బ్యాంకు ఓడీ (ఓవర్‌డ్రాఫ్టు అప్పు) మీద వడ్డీ తనకూ పడుతోందని అన్నాడు. ఇద్దరివీ అబద్ధాలు కావు. మూడు సిట్టింగుల తర్వాత రూ.38,600 వదిలి 6,10,000 దగ్గర ఆగారు. మూడో సిట్టింగులో అయితే లెక్క గురించి మాటే లేదు. పెద్దమనుషుల ముందు డీలర్ ఏదో మాట అన్నాడట, అది వెనక్కి తీసుకోవాలని రైతు పట్టు. "అన్నయ్యా అని పిలిచాను ఇన్నేళ్లు" అన్నాడు. డీలర్ కాసేపు ఊరుకుని, "ఆ రోజు కోపంలో అన్నాను, మర్చిపో" అన్నాడు. ఆ మాట నేను రాజీ కాగితంలో రాయలేదు గానీ, అది లేకపోతే కాగితమే లేదు.

కాగితం

2025 జనవరి 18న సంతకాలయ్యాయి. వంద రూపాయల స్టాంపు పేపరు మీద రాస్తే దానికేదో బలం వస్తుందని జనం నమ్మకం. స్టాంపు వాడాం, కానీ బలం వచ్చేది లోపల ఏం రాశామన్న దాన్నుంచి.

లక్షా అరవై వేలు ఆ రోజే. రైతు నగదు తెస్తానన్నాడు. వద్దని ఎన్‌ఈఎఫ్‌టీ చేయించాను. ఒకే లావాదేవీకి సంబంధించి రెండు లక్షలు లేదా అంతకు మించి నగదు తీసుకోకూడదని ఆదాయపు పన్ను చట్టం చెబుతోంది. ముక్కలుగా తీసుకున్నా లావాదేవీ ఒకటే అవుతుంది. పన్ను మాట అలా ఉంచినా, ఈ గొడవ పుట్టిందే ముట్టిన డబ్బుకు సరైన లెక్క లేకపోవడం వల్ల.

మిగతా 4,50,000కు లక్షన్నర చొప్పున మూడు చెక్కులు. డీలర్ నెలనెలా కావాలన్నారు. నేను రైతు వైపే మొగ్గాను. జీతగాడికి నెల వాయిదా సరే, చెరువుకు నెల జీతం రాదు. పట్టుబడులు చూసుకుని జూన్ 15, సెప్టెంబరు 15, డిసెంబరు 15 అని పెట్టాం. చెక్కు నంబరు, తేదీ, మొత్తం అన్నీ నింపి, రైతు చేతిరాతతోనే రాయించాం.

పాత చెక్కు, ఇంకా రెండు ఖాళీ చెక్కులు, ప్రోనోటు దగ్గర అరగంట పట్టింది. కొత్తవి పాసయ్యేదాకా పాతవి తన దగ్గరే ఉంటాయని డీలర్. అలా ఉంచితే ఒకే బాకీకి రెండు కత్తులు ఉన్నట్టే. కొత్త చెక్కులతో రాజీ కుదిరాక పాత చెక్కు కేసు, కొత్త చెక్కు కేసు రెండూ పక్కపక్కన నడపడం కుదరదని, పాత బాకీ రాజీలో కలిసిపోతుందని జింపెక్స్ కేసులో సుప్రీంకోర్టు 2021లో అన్నది. అదే తీర్పు రాజీ చెక్కు బౌన్స్ అయితే దాని మీద విడిగా 138 కింద వెళ్లే హక్కు ఉందనీ చెప్పింది. ఈ రెండో భాగం వినిపించాక డీలర్ మెత్తబడ్డారు. పాతవన్నీ నంబర్లతో సహా ఒప్పందంలో రాసి, అందరి ముందూ అడ్డంగా గీతలు గీసి, ఫోటోలు తీసి, రైతు చేతికిచ్చాం. ప్రోనోటును ఆయన భార్య అక్కడికక్కడే నాలుగు ముక్కలు చేసింది.

వాయిదా తప్పితే ఏమిటి? చెక్కు తేదీ నుంచి 30 రోజుల్లో ఆ మొత్తం కట్టకపోతే, మిగిలిన మొత్తం ఒకేసారి కట్టాలి. వదిలేసిన 38,600 మళ్లీ బాకీలో చేరుతుంది. గడువు పెంచితే కాగితం మీదే పెంచాలి, అలా పెంచినంత మాత్రాన డీలర్ ఏ హక్కూ వదులుకున్నట్టు కాదు. రైతు కోసం కూడా ఒక వాక్యం రాశాం: చివరి చెక్కు పాసైన వారంలోపు డీలర్ బాకీ లేదని రాసి ఇవ్వాలి.

దీన్ని లోక్ అదాలత్‌లో పెట్టిద్దాం అన్నది రైతు భార్యే. మార్చిలో ప్రీ లిటిగేషన్ (కోర్టులో కేసు పడకముందే రాజీకి పెట్టే) కేసుగా న్యాయ సేవాధికార సంస్థ ద్వారా పెట్టి అవార్డు తీసుకున్నాం. కోర్టు ఫీజు లేదు. లీగల్ సర్వీసెస్ అథారిటీస్ చట్టం 1987 ప్రకారం ఆ అవార్డు సివిల్ కోర్టు డిక్రీతో సమానం, దాని మీద అప్పీలు లేదు. డీలర్‌కు దాని వల్ల లాభం, వాయిదా తప్పితే దావా వేయకుండా నేరుగా ఎగ్జిక్యూషన్‌కు, అంటే కోర్టు ద్వారా వసూలుకు, వెళ్లొచ్చు. రైతుకు లాభం, రేపు ఇంకో గుమాస్తా ఇంకో లెక్క తీసినా, వాయిదా తప్పనంత వరకు బాకీ 6,10,000 దాటదు. కోర్టు ఆవరణ అనగానే రైతు జంకాడు. "మనం తప్పు చేసి వెళ్లట్లేదుగా" అని ఆమె ఆయన్ని తీసుకొచ్చింది.

సెప్టెంబరు

జూన్ చెక్కు పాసైంది. ఆగస్టు 27 నుంచి అమెరికా మన సరుకు మీద 50 శాతం సుంకం వేసింది. మా ప్రాంతంలో రొయ్య రేటు పడిపోయింది, వ్యాపారులు కొనడానికి వెనకాడారు. సెప్టెంబరు చెక్కు 17న తిరిగొచ్చింది.

డీలర్ ఆ రోజే ఫోన్ చేశారు. ఒప్పందం ప్రకారం మిగతా మూడు లక్షలకూ, వదిలేసిన వడ్డీకీ కలిపి నోటీసు ఇవ్వమన్నారు. ఇక్కడే చాలామంది జారిపడతారు. 138 నోటీసులో అడగవలసింది చెక్కు మొత్తం. ఆ నెలలోనే కావేరీ ప్లాస్టిక్స్ కేసులో సుప్రీంకోర్టు నోటీసులో చెక్కు మొత్తం కాకుండా వేరే అంకె ఉంటే, అది టైపు తప్పే అయినా, నోటీసు చెల్లదని తేల్చింది. అందుకే నోటీసులో రూ.1,50,000 మాత్రమే అడిగాం. పైగా ఒప్పందంలోని 30 రోజులు ఇంకా దాటనే లేదు, మిగతా మొత్తం అడగడానికి వేళ కాలేదు.

నోటీసు 24న అందింది. 15 రోజులు అక్టోబరు 9తో అయిపోతాయి. ఆ తర్వాత ఫిర్యాదుకు ఒక నెల. డైరీలో నవంబరు 9 అని ఎర్ర ఇంకుతో రాసుకున్నాను. అక్టోబరు 6న రైతు భార్య వచ్చి లక్ష ట్రాన్స్‌ఫర్ చేసిన కాగితం చూపించి, మిగతా యాభై వేలకు నెలాఖరు దాకా గడువు అడిగింది. డీలర్ ఒప్పుకోనన్నారు. 15 రోజుల్లో పూర్తి మొత్తం కట్టకపోతే కేసు పెట్టే హక్కు చెక్కు చెదరదు, అక్టోబరు 31 వరకు ఆగినా మనకు తొమ్మిది రోజులు మిగులుతాయి అని తేదీలు చూపించాను. గడువు పెంచుతూ ఒక పేజీ రాసుకున్నాం.

అప్పుడు ఆ యువ లాయరు నాతో ఫోన్లో ఒక మాట అన్నాడు: "కేసు వేస్తే వేయనివ్వండి సార్, తర్వాత కాంపౌండ్ చేసుకుంటాం. ఇప్పుడు ఖర్చు కూడా లేదుగా." కాంపౌండ్ అంటే రాజీ పడి కేసు మూసేయడం. అతను చెప్పింది కొత్త సంగతే. 2010లో దామోదర్ ప్రభు కేసులో ఆలస్యంగా రాజీ పడితే మేజిస్ట్రేటు కోర్టులో 10 శాతం, సెషన్స్, హైకోర్టుల్లో 15 శాతం, సుప్రీంకోర్టులో 20 శాతం కట్టాలని పెట్టారు. 2025 సెప్టెంబరులో సంజబీజ్ తారీ తీర్పు దాన్ని సడలించింది. డిఫెన్సు (నిందితుడి తరఫు) సాక్ష్యం మొదలయ్యేలోపు కడితే ఏమీ లేదు, ఆ తర్వాత తీర్పు లోపు 5, సెషన్స్, హైకోర్టుల్లో 7.5, సుప్రీంకోర్టులో 10 శాతం. కానీ కేసు పడ్డాక రాజీకి ఫిర్యాదిదారు ఒప్పుకోవాలి. డబ్బంతా కట్టినా, ఆయన మొండికేస్తే మేజిస్ట్రేటు బలవంతంగా కాంపౌండ్ చేయించలేరు. యాభై వేల కోసం మీ క్లయింటును ఆ స్థితిలో పెడతారా అన్నాను. సరే సార్ అన్నాడు.

యాభై వేలు అక్టోబరు 28న వచ్చాయి. డిసెంబరు చెక్కు మొదటిసారే పాసైంది. వారంలోపు రాసివ్వాల్సిన బాకీ లేదన్న కాగితం కోసం డీలర్ గారికి నేను మూడుసార్లు ఫోన్ చేయాల్సి వచ్చింది. నాలుగోసారి చేయబోతుంటే ఆయనే వచ్చి సంతకం పెట్టి వెళ్లారు.

వెళ్లే ముందు ఒక సందేహం అడిగారు. కొట్టు సొరుగులో ఇంకా నలభై దాకా ఖాళీ చెక్కులున్నాయట. "వాటిని ఏం చేయమంటారు?" అన్నారు. లెడ్జరు తీసుకుని రమ్మన్నాను. గుమాస్తాను కూడా.